ఛాతీ గాయం మానుతున్న పేషెంట్ ఫాలో-అప్‌కి వస్తే ఏ కోడ్? జెడ్48, జెడ్09, లేక ఎస్ కోడా?

మెడికల్ కోడింగ్ (డాక్టర్ నోట్ చదివి, అమెరికా ఇన్సూరెన్స్ క్లెయిమ్‌ల కోసం జబ్బుకి ఐసీడీ-10-సీఎం పుస్తకంలోని కోడ్ వేసే పని) నేర్చుకుంటున్న మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు ఇదీ. బైక్ యాక్సిడెంట్‌లో కుడివైపు మూడు పక్కటెముకలు విరిగి, ఊపిరితిత్తి చుట్టూ గాలీ రక్తమూ చేరితే ఛాతీలో ట్యూబు వేశారు. నాలుగైదు రోజులకు ట్యూబు తీసి ఇంటికి పంపారు. మూడు వారాల తర్వాత పేషెంట్ వేరే డాక్టర్ దగ్గరికి చెకప్‌కి వచ్చాడు. ఈ ప్రాక్టీస్ చార్ట్‌కి హనుమకొండలోని మీ కోచింగ్‌లో సార్ జెడ్48 (సర్జరీ తర్వాతి ఆఫ్టర్‌కేర్) అన్నారు, మేడం జెడ్09 (చికిత్స పూర్తయ్యాక చెకప్) అన్నారు. మీ సీనియర్ మాత్రం ఎస్ కోడే (గాయం కోడ్), కానీ డాక్టర్ కొత్త కాబట్టి చివర 'ఏ' పెట్టాలి అన్నాడు. వచ్చే వారం మీకు ఇంటర్వ్యూ ఉంది. ఎవరి మాట నమ్మాలి?

ముగ్గురిదీ కాదు. మీ సీనియర్ సగం దూరం సరిగ్గానే వచ్చి చివరి అక్షరం దగ్గర తప్పాడు.

ఈ చార్ట్‌కి కోడ్లు: ముందు ఎస్27.2ఎక్స్‌ఎక్స్‌డీ, తర్వాత ఎస్22.41ఎక్స్‌డీ. జెడ్ కోడ్ అవసరం లేదు. (కోడ్లను మనం ఆఫీసులో నోటితో పలికినట్టే రాస్తున్నా. ఎన్‌కోడర్ సాఫ్ట్‌వేర్‌లో కొట్టేటప్పుడు ఎలాగూ అక్షరాలే కొడతారు.)

మొదటిది గాయం వల్ల వచ్చిన హీమోన్యూమోథొరాక్స్ (ఊపిరితిత్తి చుట్టూ చేరిన గాలీ రక్తమూ), రెండోది కుడివైపు ఒకటి కంటే ఎక్కువ పక్కటెముకల ఫ్రాక్చర్. రెండింటి చివరా ఉన్న 'డీ' అంటే సబ్‌సీక్వెంట్ ఎన్‌కౌంటర్, అంటే వైద్యం జరిగిపోయి గాయం మానే దశలో ఉన్న పేషెంట్. ఊపిరితిత్తి కోడ్ ముందు ఎందుకంటే, ట్యాబ్యులర్‌లో (పుస్తకంలో కోడ్లు వరుసగా ఉండే భాగం) ఎస్22 కింద స్పష్టంగా ఒక సూచన ఉంది: ఛాతీ లోపలి అవయవానికి గాయమైతే ఆ ఎస్27 కోడ్ ముందు రాయమని. చాలామంది ఫ్రెషర్లు ఇండెక్స్‌లో కోడ్ దొరకగానే ట్యాబ్యులర్ తెరవకుండా వదిలేస్తారు. ఆడిట్‌లో సీక్వెన్సింగ్ (కోడ్ల వరుస) ఎర్రర్లు పడేది ఎక్కువగా ఇక్కడే.

ఇక కారణాలు. మీ సార్‌కి జెడ్48 ఎందుకు తట్టిందో నాకు తెలుసు, ఆయన్ని తప్పు పట్టను. నేను ఈ ఫీల్డ్‌లోకి ఐసీడీ-9 ఉన్నప్పుడే వచ్చాను. అప్పట్లో మానుతున్న ఫ్రాక్చర్‌కి వీ54.1 సిరీస్ ఉండేది, గాయానికి సర్జరీ చేశాక ఆఫ్టర్‌కేర్ అంటే వీ58.43 ఉండేది. కోడ్ చివర 'ఏ', 'డీ' లాంటి ఏడో అక్షరం అన్న మాటే లేదు. అమెరికాలో 2015 అక్టోబర్ 1న ఐసీడీ-10-సీఎం అమల్లోకి వచ్చాక పద్ధతి పూర్తిగా మారింది. 'ఇది ఆఫ్టర్‌కేర్' అన్న సమాచారాన్ని గాయం కోడ్ చివర్లోనే ఇమిడ్చారు. కానీ వీ కోడ్లతో చేయి తిరిగినవాళ్లు వాటి జాగాలో జెడ్ కోడ్లు వెతుక్కున్నారు. ఆ అలవాటు ఇంకా క్లాసుల్లో నడుస్తోంది.

ఇంకో దారి కూడా ఉంది. మన దగ్గర ఆసుపత్రుల మెడికల్ రికార్డ్స్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేసి ట్రైనర్లు అయినవాళ్లు ఉన్నారు. వాళ్లకు అలవాటైనది డబ్ల్యూహెచ్‌ఓ ఐసీడీ-10. అందులో ఈ 'ఏ, డీ, ఎస్' లేవు. పాత గాయం మిగిల్చిన ఇబ్బందికి టీ90 నుంచి టీ98 దాకా వేరే కోడ్లే ఉన్నాయి. ఛాతీ ఫ్రాక్చర్ తాలూకు ఇబ్బంది అయితే టీ91.2. ఐసీడీ-10-సీఎంలో ఆ టీ91 కనపడదు. పేర్లు ఒకేలా ఉన్నా పుస్తకాలు రెండూ వేరు. మీరు ఏ పుస్తకం మీద చదువుతున్నారో మొదట అట్ట మీద చూసుకోండి.

ఐసీడీ-10-సీఎం అధికారిక గైడ్‌లైన్స్‌లో ఈ మాట దాపరికం లేకుండా రాసి ఉంది. సెక్షన్ 1-సీ-21లో ఆఫ్టర్‌కేర్ భాగం తీయండి: గాయాల ఆఫ్టర్‌కేర్‌కి జెడ్ కోడ్లు వాడొద్దు, ఆ గాయం కోడ్‌నే సరైన ఏడో అక్షరంతో వేయండి అని ఉంటుంది. సెక్షన్ 1-సీ-19లోనూ ఇదే. జెడ్48 కింద ఎక్స్‌క్లూడ్స్-1 నోట్‌లోనూ (ఆ కోడ్ ఎక్కడ వాడకూడదో చెప్పే నోట్) ఇదే. మూడు చోట్ల చెప్పాక ఇంకా వాదనకు చోటు లేదు. ఆ గైడ్‌లైన్స్ పీడీఎఫ్ సీఎంఎస్ (అమెరికా ప్రభుత్వ మెడికేర్ సంస్థ) వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. కోచింగ్ ఫీజు కట్టేముందే దాన్ని దించుకుని ఉంటే మీకీ గందరగోళమే ఉండేది కాదు.

ఇక 'ఏ' సంగతి. మీ సీనియర్ పడిన గుంటలో ఫ్రెషర్లలో చాలామంది పడతారు, ఎందుకంటే పేరే అలా ఉంది. 'ఇనిషియల్ ఎన్‌కౌంటర్' అనగానే మొదటిసారి రావడం అనుకుంటాం. ఐసీడీకి అది లెక్కే కాదు. యాక్టివ్ ట్రీట్‌మెంట్ నడుస్తున్నంత కాలం అది ఐదో విజిట్ అయినా, ఐదో డాక్టర్ అయినా 'ఏ'నే. ఆ దశ దాటాక కొత్త డాక్టర్ దగ్గర మొదటి విజిట్ అయినా 'డీ'నే.

ఈ గందరగోళానికి సీపీటీ (డాక్టర్ చేసిన పనికి వేసే కోడ్లు) కూడా కొంత కారణం. సీపీటీలో 'న్యూ పేషెంట్' అంటే ఆ డాక్టర్‌నిగానీ, అదే గ్రూప్‌లో అదే స్పెషాలిటీ డాక్టర్‌నిగానీ గడిచిన మూడేళ్లలో కలవని పేషెంట్. మీ చార్ట్‌లో డాక్టర్ నిజంగా కొత్తవాడే, కాబట్టి విజిట్‌కి 99202 నుంచి 99205 మధ్య ఏదో ఒక కోడ్ పడుతుంది. దాని పక్కన డయాగ్నసిస్‌లో 'డీ' ఉంటుంది. ఒకటి న్యూ అంటోంది, ఇంకోటి సబ్‌సీక్వెంట్ అంటోంది, ఇదేదో తేడాగా ఉందే అని కొత్తవాళ్లు 'డీ'ని 'ఏ' చేస్తుంటారు. తేడా ఏమీ లేదు. ఒకటి డాక్టర్‌కీ పేషెంట్‌కీ ఉన్న పరిచయం గురించి, రెండోది గాయం ఏ దశలో ఉందన్నదాని గురించి. క్లెయిమ్ అలాగే పోతుంది.

మరి యాక్టివ్ ట్రీట్‌మెంట్ ఎక్కడ ఆగింది, మానే దశ ఎక్కడ మొదలైంది? కష్టమైన ప్రశ్న ఇదే. క్యాలెండర్ చూసి చెప్పలేం. పక్కటెముక అతుక్కోవడానికి మామూలుగా ఆరు వారాలు పడుతుంది, కానీ ఆరు వారాల లోపల ఉన్నదంతా 'ఏ' కాదు. ఎందుకంటే విరిగిన పక్కటెముకకి చాలా కేసుల్లో కట్టు లేదు, పట్టీ లేదు. నొప్పి మందులు, ఊపిరి గట్టిగా పీల్చే వ్యాయామం, అంతే. చెయ్యి విరిగితే సిమెంట్ కట్టు మార్చారా, తీశారా అన్నది చూసి దశ పట్టుకోవచ్చు. ఛాతీలో ఆ ఆనవాలు ఉండదు. అందుకే నోట్‌లో అసెస్‌మెంట్, ప్లాన్ చదవక తప్పదు.

మీ చార్ట్‌లాంటిదే ఒకటి దగ్గరగా చూద్దాం. హిస్టరీలో ఇలా ఉందనుకోండి: 'మూడు వారాల క్రితం మోటార్‌సైకిల్ ప్రమాదం. కుడి 5, 6, 7 పక్కటెముకల ఫ్రాక్చర్. చెస్ట్ ట్యూబ్ తీసేశారు. నొప్పి తగ్గుతోంది, దగ్గినప్పుడు మాత్రం ఉంది. నిద్ర బాగానే పడుతోంది.' పరీక్షలో: 'రెండువైపులా గాలి సమానంగా వెళ్తోంది. ట్యూబు పెట్టిన చోట గాయం పొడిగా ఉంది.' ఎక్స్‌రేలో: 'ఊపిరితిత్తి పూర్తిగా విచ్చుకుంది. ఫ్రాక్చర్ల దగ్గర కాలస్ (అతుకుతున్న చోట వచ్చే కొత్త ఎముక) కనిపిస్తోంది.' ప్లాన్‌లో: 'మందులు తగ్గించండి, ఇంకో మూడు వారాలు బరువులు ఎత్తొద్దు, తర్వాత కనపడండి.' ఇందులో ఒక్క ముక్క కూడా కొత్త చికిత్స కాదు. ఎముక అతుకుతోందా లేదా అని ఎక్స్‌రే తీయడం, మందు మోతాదు మార్చడం, ఇవన్నీ 'డీ' కిందికి వచ్చేవే. దగ్గితే నొప్పి అన్నారని ఆర్07.82 ఇంటర్‌కోస్టల్ పెయిన్ కూడా అతికించకండి. విరిగిన ఎముక నొప్పి పెట్టడం ఆ ఫ్రాక్చర్‌లో భాగమే.

ఇదే పేషెంట్‌ని కొంచెం మారుద్దాం. ఎమర్జెన్సీలో చూసి మందులిచ్చి, రెండు రోజుల్లో థొరాసిక్ సర్జన్‌ని కలవమని పంపారు. సర్జన్ పరీక్షించి, ఎముకలు బాగా జరిగాయి, ప్లేట్లు వేయాలి అని నిర్ణయించాడు. డాక్టర్ రెండో వ్యక్తి, విజిట్ రెండోది, అయినా 'ఏ'. ఎందుకంటే ఇంకా చికిత్స ఏమిటో తేల్చే దశలోనే ఉన్నారు. సర్జరీ రోజూ 'ఏ'నే. సర్జరీ తర్వాత కుట్లు చూడటానికి వస్తే అప్పుడు 'డీ'.

మరొకరు నిచ్చెన మీద నుంచి పడి, ఏం కాదులే అని పది రోజులు ఇంట్లోనే ఓర్చుకుని, పదకొండో రోజు మొదటిసారి డాక్టర్‌కి చూపించుకున్నారు. పది రోజులు దాటింది కదా అని 'డీ' పెడితే తప్పు. చికిత్స మొదలైందే ఈ రోజు. అది 'ఏ'.

ఏడో అక్షరం విజిట్‌కి ఒకటి కాదు, ఒక్కో గాయానికి ఒకటి. ఈ పాయింట్ క్లాసుల్లో చెప్పగా నేను వినలేదు, ఆడిట్‌లో మాత్రం తగులుతుంది. పక్కటెముకలు విరిగి ఇంటికెళ్లిన పేషెంట్‌కి వారం, పది రోజుల తర్వాత ఛాతీలో రక్తం చేరడం అరుదేమీ కాదు. ఆయాసంతో మళ్లీ వస్తాడు, అప్పుడు ట్యూబు వేస్తారు. ఆ రోజు హీమోథొరాక్స్‌కి జరుగుతున్నది యాక్టివ్ ట్రీట్‌మెంట్, కాబట్టి ఎస్27.1ఎక్స్‌ఎక్స్‌ఏ. పక్కటెముకలు మాత్రం వాటి దారిన అవి మానుతున్నాయి, వాటికి ఎస్22.41ఎక్స్‌డీ. ఒకే క్లెయిమ్ మీద ఒకటి 'ఏ', ఒకటి 'డీ' కనపడితే కంగారు పడకండి. నోట్ అలా ఉంటే కోడ్లూ అలాగే ఉంటాయి.

ఎక్స్ ఎన్ని పెట్టాలన్నది కూడా అడిగారు. ఏడో అక్షరం ఏడో స్థానంలోనే కూర్చోవాలి, ఖాళీలుంటే ఎక్స్‌తో నింపుతాం. ఎస్22.41లో ఐదు ఉన్నాయి, కాబట్టి ఒక ఎక్స్. ఎస్27.0 న్యూమోథొరాక్స్‌లో నాలుగే, కాబట్టి రెండు ఎక్స్‌లు. ఎస్27.321 ఒకవైపు ఊపిరితిత్తి కమిలిన గాయం, అందులో ఆరూ నిండి ఉన్నాయి, ఎక్స్ అక్కర్లేదు, ఎస్27.321డీ అంతే.

ఫ్రాక్చర్లకు అక్షరాల జాబితా ఒక్కో కేటగిరీకి ఒక్కోలా ఉంటుంది, అది చూసుకోండి. ఎస్22లో ఉన్నవి ఇవే: ఏ, బీ మొదటి దశకు (మూసి ఉన్న ఫ్రాక్చర్, తెరుచుకున్న ఫ్రాక్చర్), డీ మామూలుగా మానుతుంటే, జీ ఆలస్యంగా మానుతుంటే, కే అతుక్కోకపోతే, ఎస్ సీక్వెలాకి (పాత గాయం మిగిల్చిన ఇబ్బందికి). మాల్‌యూనియన్‌కి (వంకరగా అతుక్కోవడానికి) వాడే 'పీ' ఇక్కడ లేదు. భుజం ఎముకల ఎస్42లో ఉంది కాబట్టి ఇక్కడా ఉంటుందనుకుని కొడితే ఎన్‌కోడర్ తిప్పి కొడుతుంది. జీ, కే రెండూ డాక్టర్ రాస్తేనే. ఎక్స్‌రే చూసి 'ఇంకా అతుకలేదు కదా' అని మనం తీర్మానించే పని కాదు. స్పష్టత లేకపోతే డాక్టర్‌కి క్వెరీ పంపాలి.

ఇప్పుడు మీ మేడం చెప్పిన జెడ్09. ఆ కోడ్ తప్పుడు కోడ్ కాదు, ఈ పేషెంట్‌కి ఇంకా వేళ కాలేదు. జెడ్09 అంటే చికిత్స మొత్తం పూర్తయింది, ఆ సమస్య ఇప్పుడు లేదు, ఊరికే ఒకసారి చూసి నిర్ధారించుకోవడానికి వచ్చారు. ఇదే పేషెంట్ ఆరు నెలలకు వచ్చాడనుకోండి. డాక్టర్ 'ఫ్రాక్చర్లు పూర్తిగా అతికాయి, ఏ ఇబ్బందీ లేదు, ఇక రావక్కర్లేదు' అని రాశాడు. అప్పుడు జెడ్09, దాని వెంట మానిన ఫ్రాక్చర్ చరిత్రకు జెడ్87.81. ఎముక కాకుండా వేరే గాయమైతే జెడ్87.828. ఆ 'పూర్తిగా' అన్న మాట నోట్‌లో ఉండాలి. బరువులెత్తొద్దు అని ఇంకా చెబుతున్నాడంటే మానడం అవలేదన్నట్టే.

రేడియాలజీ చార్ట్‌లు చేసేవాళ్లకు ఇది ఇంకో రూపంలో ఎదురవుతుంది. దగ్గు కోసం ఛాతీ ఎక్స్‌రే తీస్తే 'ఎడమవైపు పాత, మానిన పక్కటెముక ఫ్రాక్చర్లు' అని ఇంప్రెషన్‌లో రాస్తారు. దానికి ఎస్22 వైపు పోనే కూడదు. దగ్గు కోడ్ ముందు, కావాలంటే జెడ్87.81. అదే 'మానుతున్న ఫ్రాక్చర్లు, ఫాలో-అప్' అని ఉంటే ఎస్22.42ఎక్స్‌డీ. తేడా 'మానిన', 'మానుతున్న' అనే ఒక్క క్రియలో ఉంది, టార్గెట్ తొందరలో కంటికి ఆనదు.

జెడ్48కి అసలు పని ఎక్కడో చెప్పకపోతే మీకు ఆ కోడ్ మీద అనవసరంగా పగ పుడుతుంది. పొడుగ్గా, సన్నగా ఉండే కుర్రాళ్లకు ఏ దెబ్బా తగలకుండానే ఊపిరితిత్తి మీది బుడగ పగిలి గాలి చేరుతుంటుంది. అది జే93 కేటగిరీ, గాయం కాదు. దానికి సర్జరీ చేసి, తర్వాత కుట్లు తీయడానికి వస్తే జెడ్48.813, జెడ్48.02 హాయిగా వేసుకోవచ్చు. పక్క బెడ్‌లో యాక్సిడెంట్ పేషెంట్. అదే చోట ట్యూబు, అవే కుట్లు, అదే నర్సు తీసింది. అతనికి మాత్రం జెడ్48 కాదు, ఎస్27.0ఎక్స్‌ఎక్స్‌డీ. కత్తిపోటు గాయం కుట్లు తీయించుకోవడానికి వచ్చినా అంతే, ఎస్21లో ఆ గాయం కోడ్ 'డీ'తో. చేసిన పని చూసి కాదు, ఎందుకు చేయాల్సి వచ్చిందో చూసి కోడ్ ఎంచుకుంటాం.

చివరికి సీక్వెలా. ఎముకలు అతికి ఏడాదైంది, కానీ ఆ చోట పక్కటెముకల మధ్య నరం మంట పెడుతూనే ఉంది. డాక్టర్ 'పాత ఫ్రాక్చర్ల వల్ల ఇంటర్‌కోస్టల్ న్యూరోపతీ' అని రాశాడు. ఇక్కడ రెండు కోడ్లు కావాలి: ముందు ఇప్పటి బాధ జీ58.0, తర్వాత దానికి మూలమైన ఎస్22.41ఎక్స్‌ఎస్. ఈ వరుస తలకిందులైతే డినయల్ (క్లెయిమ్ తిరస్కరణ) వచ్చే అవకాశం ఎక్కువ. నోట్‌లో 'ట్రామా వల్ల దీర్ఘకాలిక నొప్పి' అని రాస్తే జీ89.21 ముందు వస్తుంది. ఇన్ని నెలలు దాటితేనే సీక్వెలా అనే కాలపరిమితి ఏదీ లేదు. డాక్టర్ ఆ రెంటికీ ముడి వేసి రాయాలి, అంతే. ముడి లేకుండా 'ఛాతీ నొప్పి, గతంలో యాక్సిడెంట్' అని వదిలేస్తే మనం కలపకూడదు.

ఫాలో-అప్‌లో ఇన్‌ఫెక్షన్ బయటపడితే? ప్లేట్లు వేసిన చోట పైపై చర్మం చీము పట్టి, యాంటీబయాటిక్ మొదలుపెట్టారు. గాయం పాతదే అయినా ఇన్‌ఫెక్షన్‌కి చికిత్స ఇప్పుడే మొదలు, కాబట్టి టీ81.41ఎక్స్‌ఏ, 'ఏ'తోనే. కాంప్లికేషన్ కోడ్లలో చూడాల్సింది ఆ కాంప్లికేషన్ దశని, పాత గాయం దశని కాదు.

కొన్ని చిన్న విషయాలు గబగబా. ఔట్‌పేషెంట్‌లో 'ఫ్రాక్చర్ కావొచ్చు', 'అనుమానం' అని రాస్తే ఫ్రాక్చర్ కోడ్ వేయకూడదు, లక్షణానికే వేయాలి. అదే చోట కమిలిన గాయం, ఫ్రాక్చర్ రెండూ రాసినా ఎస్20 విడిగా వేయం, పెద్ద గాయంలో అది కలిసిపోతుంది. ఫ్లెయిల్ చెస్ట్ (పక్కటెముకలు విరిగి ఛాతీ గోడలో ఒక భాగం వదులవడం) అని రాస్తే ఎస్22.5, దానితోపాటు ఎస్22.4 వేయకూడదు. గుండె ఆగితే ఛాతీ నొక్కేటప్పుడు పక్కటెముకలు విరిగితే అది ఎస్22 కాదు, 2022 అక్టోబర్ నుంచి ఎం96.ఏ కోడ్లు విడిగా వచ్చాయి. ఎముకల సాంద్రత తగ్గిన ముసలావిడ మామూలుగా జారి పక్కటెముక విరగ్గొట్టుకుంటే ఎస్22 వేసేముందు ఎం80 చూడండి. ఆరోగ్యంగా ఉన్న ఎముక ఆ పాటి పడటానికి విరగదు అనిపించే కేసుల్లో గైడ్‌లైన్స్ అటే వెళ్లమంటాయి.

గాయం ఎలా అయిందో చెప్పే ఎక్స్‌టర్నల్ కాజ్ కోడ్లు ఫాలో-అప్‌లో వేయాలా అన్నారు. దేశమంతటికీ వర్తించే తప్పనిసరి నియమం ఏదీ లేదు. రాష్ట్రంగానీ పేయర్‌గానీ (బిల్లు కట్టే ఇన్సూరెన్స్ సంస్థ) అడిగితే వేస్తాం. వేస్తే అదీ 'డీ'తోనే, నిచ్చెన మీద నుంచి పడితే డబ్ల్యూ11 ట్రిపుల్ ఎక్స్ డీ. ఎక్కడ జరిగింది, ఏం చేస్తుండగా జరిగింది అని చెప్పే వై92, వై93, వై99 మాత్రం మొదటి ఎన్‌కౌంటర్‌లో ఒక్కసారే. ఫాలో-అప్ క్లెయిమ్ మీద అవి కనపడితే కాపీ-పేస్ట్ చేశారని ఆడిటర్‌కి అర్థమైపోతుంది.

సీపీటీ వైపు ఒక్క మాట. 'డీ' ఉంది కాబట్టి విజిట్‌కి డబ్బులు రావు అనుకోవడం తప్పు. సర్జరీ గ్లోబల్ పీరియడ్ (సర్జరీ ఫీజులోనే ఫాలో-అప్‌లు కలిసిపోయే రోజులు) లోపల అదే సర్జన్ చూస్తే 99024, డబ్బు ఉండదు. వేరే గ్రూప్ డాక్టర్ చూస్తే మామూలు ఈ అండ్ ఎమ్ (విజిట్) కోడ్. రెండింటికీ డయాగ్నసిస్ మాత్రం అదే 'డీ'. రెండు వ్యూల ఛాతీ ఎక్స్‌రే అయితే 71046. ఒకవైపు పక్కటెముకలతో పాటు ఛాతీ పీఏ వ్యూ కూడా, కనీసం మూడు వ్యూలు తీస్తే 71101. వ్యూలు లెక్కపెట్టకుండా ఆర్డర్‌లో ఉన్నదే కొట్టేయకండి, రిపోర్ట్‌లో ఎన్ని తీశారో చూడండి.

మన వైపు నుంచి ఇంకో ప్రశ్న వేశారు: మీ అన్న ఎంజీఎం ఆసుపత్రి దగ్గర ఒక నర్సింగ్ హోమ్‌లో ఆరోగ్యశ్రీ డెస్క్‌లో చేస్తున్నాడు, ఆ అనుభవం కోడింగ్ అనుభవంగా చెల్లుతుందా అని. చార్ట్ చదవడం, కేస్ షీట్‌లో ఏది ఎక్కడుంటుందో తెలియడం చాలా పనికొస్తుంది, అది చిన్న విషయం కాదు. కానీ ఆరోగ్యశ్రీ ప్యాకేజీల మీద నడుస్తుంది. ప్రొసీజర్‌కి ప్యాకేజీ కోడ్, ఫొటోలు, ప్రీ-ఆథరైజేషన్, ఆ లోకం వేరు. రెజ్యూమెలో దాన్ని ఐసీడీ-10-సీఎం అనుభవం అని రాస్తే మొదటి ప్రశ్నకే దొరికిపోతాడు. 'హాస్పిటల్ రికార్డ్స్, క్లెయిమ్స్' అని ఉన్నది ఉన్నట్టు రాస్తే దానికీ విలువ ఉంది.

ఇంటర్వ్యూ విషయానికొస్తే, మీరు బీఫార్మసీ కాబట్టి అనాటమీలో ఇబ్బంది పెట్టరు. ఏ ఎముక ఎక్కడుందో అడిగితే చాలావరకు చెప్పేస్తారని వాళ్లకూ తెలుసు. ఒక చిన్న చార్ట్ చేతికిచ్చి కోడ్ చేయమంటారు, చేశాక 'ఇది ఎందుకు 'ఏ' కాదు?' అని గుచ్చుతారు. 'మూడు వారాలైంది కదా సార్' అంటే అక్కడే మార్కులు పోతాయి. ప్లాన్‌లోని వాక్యం వేలుతో చూపించి, 'ఇక్కడ కొత్త చికిత్స ఏదీ లేదు, మానుతోందో లేదో చూస్తున్నారు' అనండి. తర్వాత సీక్వెన్సింగ్ అడగకముందే ఎస్22 కింది సూచన చెప్పండి. తెలియని కోడ్ వస్తే నోటికి వచ్చిన నంబర్ చెప్పొద్దు, పుస్తకం ఇస్తే తీసి చూపిస్తాను అనండి. సీపీసీ (కోడర్ల సర్టిఫికెట్) పరీక్షే పుస్తకాలు తెరిచి రాసేది: నాలుగు గంటలు, వంద ప్రశ్నలు. నంబర్లు బట్టీ పట్టినవాళ్లు ఎవరికీ అక్కర్లేదు. పుస్తకం మాత్రం ఈ ఏడాదిదే తీసుకెళ్లండి. ప్రతి అక్టోబర్ 1కి కోడ్లు మారతాయి, ఏప్రిల్‌లోనూ కొన్ని మారతాయి. సెకండ్ హ్యాండ్‌లో సగం ధరకి దొరికిందని పాతది కొంటే ఎం96.ఏ లాంటివి అందులో కనపడకపోవచ్చు.

మీరు రాసిన చార్ట్‌లో ఒక విషయం నాకు తేలలేదు. ట్యూబు పెట్టిన చోట కుట్టు ఈ విజిట్‌లోనే తీశారా, ముందే తీశారా? కోడ్లు దానివల్ల మారవు, కానీ ప్లాన్‌లో ఇంకేమైనా ఉందేమో చూడాలి. అసెస్‌మెంట్, ప్లాన్ పేరాలు కింద పెట్టండి, చూసి చెబుతాను. ఒకవేళ అది కోచింగ్ వాళ్లు ఎక్కడి నుంచో తెచ్చిన నిజమైన చార్ట్ అయితే మాత్రం పేరు, పుట్టిన తేదీ, రికార్డ్ నంబర్, విజిట్ తేదీలు అన్నీ తీసేసి, మీ మాటల్లో రాసి పెట్టండి. స్క్రీన్‌షాట్ అసలే వద్దు.